పత్తి గదిలో ఏడు స్పీకర్లు

వ్యవసాయం చేసుకునేవాడికి హోం థియేటర్ ఎందుకయ్యా అని మా ఊళ్ళో అడగనివాడు లేడు. డ్రిప్పు పైపులు మార్చాలి, ట్రాక్టర్ కిస్తీ కట్టాలి, వీడేమో గది నిండా డబ్బాలు బిగించుకుని కూచున్నాడు అన్నారు. అలా అన్నవాళ్ళలో సగం మంది ఇప్పుడు ఆదివారం సాయంత్రం మా ఇంట్లోనే ఉంటారు, అది వేరే సంగతి. పంటల గురించి కాకుండా ఇంకేదన్నా రాయమని చాలామంది అడుగుతున్నారు కాబట్టి ఆ కథ చెబుతాను. మధ్యలో పంట రాకుండా మాత్రం ఉండదు, ముందే చెప్తున్నా.

2022లో పత్తి క్వింటా 10 వేలు దాటిన సంగతి మీకు గుర్తుండే ఉంటుంది. ఆ ఆశతో తర్వాతి పంటను ఎవరూ వెంటనే అమ్మలేదు. మా ఖమ్మం జిల్లాలో ఆ చలికాలం ఏ ఇంటికి పోయినా పత్తే. మంచాలు వరండాలోకి, పత్తి గదుల్లోకి. మాకు 40 క్వింటాళ్ళు వచ్చింది. వెనక రెండు గదుల్లో కొంత, ముందు గదిలో 15 క్వింటాళ్ళ దాకా పోశాం. ముందు గది 18 అడుగుల పొడవు, 12 అడుగుల వెడల్పు, స్లాబు 10 అడుగుల ఎత్తు. వెనక గోడకి స్లాబు తగిలేదాకా, పక్క గోడలకి నడుమెత్తున పత్తి. మధ్యలో నాలుగు కుర్చీలు పట్టే చోటు, ఎదురుగా టీవీ. ఒళ్ళంతా దురద, అయినా అందరం అందులోనే.

2023 సంక్రాంతికి మా మేనల్లుడు హైదరాబాదు నుంచి కారు డిక్కీలో సామాను వేసుకుని దిగాడు. వాడు అద్దె ఇల్లు మారుతున్నాడు. కొత్త ఇంటి ఓనరుకి శబ్దం పడదంట. "మామా, నువ్వు తీసుకో, సగం ధరకిస్తా" అన్నాడు. రిసీవర్ ఒకటి, ముందు పెట్టే స్పీకర్లు మూడు, పక్కలకి రెండు, ఒక సబ్‌వూఫర్. దీన్నే 5.1 అంటారు. 5 మామూలు స్పీకర్లు, చుక్క తర్వాత 1 సబ్‌వూఫర్. పండగ పూట సరదాగా పత్తి మధ్యే బిగించి సినిమా పెట్టాడు.

ఏం చెప్పమంటారు! మాట మాట విడివిడిగా, ఎవరో పక్కన కూచుని చెప్పినట్టు. డప్పు కొడితే దెబ్బ పడి అక్కడికక్కడే ఆగిపోతోంది, గూం అని సాగట్లేదు. నేను పొంగిపోయి, మొత్తం కలిపి 50 వేలకి అక్కడే బేరం ఖాయం చేశాను. మా ఇంటామె నా వంక చూసిన చూపు ఇక్కడ రాయను.

పండగ అయిన వారానికి ఊళ్ళోకి వ్యాపారి వచ్చాడు. క్వింటా 8,200 అన్నాడు. వాకిట్లో బండి స్టార్ట్ చేసి ఉంది. వరండాలో కూచున్న నాయనని బండి మీద నుంచే కేకేసి అడిగాను, ఎనిమిది వేల రెండొందలంటున్నాడు, ఇచ్చేద్దామా అని. నాయన చెయ్యి అడ్డంగా ఊపి "వద్దు" అన్నాడు. నలభై ఏళ్ళు పత్తి పండించిన మనిషి వద్దంటే వద్దే అనుకుని వెళ్ళిపోయాను.

తర్వాత ధర పెరగలేదు. మార్చిలో అకాల వాన పడి కల్లంలో మిర్చి తడిసింది. మే నెలలో పత్తి 7,100కి ఇచ్చేశాం. క్వింటాకు 1,100 తేడా, 40 క్వింటాళ్ళకు 44 వేలు. నేను నాయనని ఒక్క మాట అనలేదు. అనకపోవడమే నేను చేసిన తప్పు. నాలుగైదు నెలలు ఆయనతో అవసరానికి మించి మాట్లాడలేదు. మాట్లాడినా మొహం చూడకుండా పోతూ పోతూ ఒక మాట విసిరేసేవాణ్ణి. ఆయన "ఆఁ" అనేవాడు. అంతే.

ఇక స్పీకర్ల సంగతి. పత్తి లారీకెక్కిన రోజు సాయంత్రం గది కడిగించి, సున్నం వేయించి, వారం తర్వాత అవే స్పీకర్లు అదే చోట పెట్టి అదే సినిమా వేశాను. బావిలో కూచుని విన్నట్టుంది. మాటలు ఒకదాని మీద ఒకటి పడుతున్నాయి, బేస్ ఒక మూల బండరాయిలా కూచుంది. మేనల్లుడు నాకు పాడైపోయిన సామాను అంటగట్టాడనుకుని ఫోన్ చేసి నాలుగు తిట్టాను. వాడు మొత్తం విని, "మామా, గదిలో ఒకసారి చప్పట్లు కొట్టు" అన్నాడు. కొట్టాను. టక్ అనాల్సింది ట్ర్ర్ర్ అంది. "పత్తి అమ్మేశావా?" అన్నాడు. అప్పుడర్థమైంది. నేను సంక్రాంతికి విన్నది స్పీకర్ల గొప్పతనం ఒక్కటే కాదు, పత్తి గొప్పతనం కూడా.

ఇందులో మంత్రం ఏమీ లేదు. శబ్దం సెకనుకు దాదాపు 343 మీటర్లు పోతుంది. స్పీకర్ నుంచి నేరుగా చెవికొచ్చే శబ్దం ఒకటి, గోడకి కొట్టుకుని కాస్త ఆలస్యంగా వచ్చేది ఇంకొకటి. సిమెంటు గోడ, పాలిష్ బండ, స్లాబు, ఏవీ శబ్దాన్ని మింగవు, తిప్పికొడతాయి. ఆ వెనకొచ్చేవన్నీ కలిసి అసలు మాటను మసకేస్తాయి. పత్తిలో సన్నని పోగుల మధ్య గాలి ఉంటుంది. శబ్దం అందులో దూరి తిరిగి తిరిగి నీరసించిపోతుంది. గదికి పెట్టే ఖర్చు చూసుకోకుండా స్పీకర్లకి పెట్టడమంటే, దుక్కి దున్నకుండా ఖరీదైన విత్తనం చల్లడమే.

మళ్ళీ పత్తి పోయలేను కదా. ఎలుకలు, పురుగులు, నిప్పు భయం. అటక మీద అమ్మ పెళ్ళినాటి బూరుగు దూది పరుపులు రెండు ఉన్నాయి. పరుపులు కుట్టే ఆయన్ని పిలిపించి దూది ఏకించాను. వడ్రంగితో 4 అడుగుల పొడవు, 2 అడుగుల వెడల్పు, 4 అంగుళాల లోతు చట్రాలు ఆరు చేయించి దూది నింపి, పైన పల్చటి పాత నూలు చీరలు బిగించాం. బట్ట పల్చగా ఉండాలి, ఊదితే గాలి అవతలికి పోవాలి. రెగ్జిన్ వేస్తే మళ్ళీ గోడతో సమానమే. చీరలివ్వడానికి అమ్మ ఒప్పుకోలేదు. ముదురాకుపచ్చది మాత్రం తెర పక్కనే పెట్టాలనే షరతు మీద ఇచ్చింది.

ఆ చట్రాలు ఎక్కడ పెట్టాలో తెలుసుకోవడానికి ఒక చిట్కా ఉంది. మీరు కూచునే కుర్చీలో మీరు కూచోండి. ఇంకొకరు పక్క గోడ వెంట అద్దం జరుపుకుంటూ పోవాలి. అద్దంలో ఎక్కడైతే స్పీకర్ కనపడుతుందో, శబ్దం సరిగ్గా అక్కడ తగిలే మీ చెవికొస్తోంది. అక్కడ చట్రం పెట్టండి. రెండు పక్క గోడలకి రెండేసి, వెనక గోడకి రెండు పెట్టాం. కింద జంపఖానా పరిచాం. చప్పట్లు కొడితే టక్.

వైరింగ్ నేనే చేశాను. బోరు మోటారుకి వేసిన కేబులు మిగిలింది 60 మీటర్లుంటే అదే వాడాను. రాగి తీగ, మందంగా ఉంటుంది, బ్రహ్మాండంగా పనికొస్తుంది. కానీ అందులో ఎరుపు, పసుపు, నీలం మూడు తీగలు. స్పీకర్‌కి కావాల్సింది రెండే. ఎడమ స్పీకర్‌కి ఎరుపుని ప్లస్ అనుకుని కలిపి, కుడిదానికి వచ్చేసరికి పసుపుని ప్లస్ అనుకున్నాను. రెండూ మోగుతున్నాయి, కానీ పాట పల్చబడిపోయింది, గొంతు మధ్యలో నిలబడట్లేదు. ఒక డబ్బా గాలిని ముందుకు నెడుతుంటే రెండోది వెనక్కి లాగుతోందన్నమాట. త్రీఫేజ్ మోటారుకి రెండు ఫేజులు తారుమారైతే ఉల్టా తిరుగుతుందని తెలిసినవాణ్ణి, ఇక్కడ మాత్రం రెండ్రోజులు బుర్ర గోక్కున్నాను.

ఇంకో రెండు రోజులు టీవీ సెట్టింగులో పోయాయి. టీవీలో డిజిటల్ ఆడియో పీసీఎం అని ఉంది. అలా ఉంటే మా టీవీ అంతా కుదించి రెండు స్పీకర్ల శబ్దమే పంపుతోంది, మిగతావి ఊరికే కూచుంటున్నాయి. దాన్ని పాస్‌త్రూకి మార్చి, వైరు ఈఆర్క్ అని రాసి ఉన్న హెచ్‌డీఎంఐ రంధ్రంలో పెడితే అప్పుడు అన్నీ నిద్ర లేచాయి.

సబ్‌వూఫర్‌కి చోటు వెతకడం మాత్రం ఊరంతా చెప్పుకున్నారు. లోతైన శబ్దం గదిలో కొన్ని చోట్ల పోగుపడుతుంది, కొన్ని చోట్ల మాయమవుతుంది. మా 18 అడుగుల పొడవుకి 31 హెర్ట్జ్ దగ్గర, 12 అడుగుల వెడల్పుకి 47 దగ్గర అలా అవుతుందని లెక్క. అందుకని సబ్‌వూఫర్‌ని తెచ్చి మనం కూచునే కుర్చీలో కూచోబెట్టాలి. పాట పెట్టి, మనం నేల మీద గోడల వెంట పాకాలి. ఎక్కడ బేస్ గట్టిగా, శుభ్రంగా వినపడుతుందో అక్కడ డబ్బాని పెట్టాలి. నేను మోకాళ్ళ మీద పాకుతుంటే నాయన గుమ్మంలోంచి చూసి, "ఏం పారేసుకున్నాడే వీడు?" అని అమ్మని అడిగాడు. ఆ నెలల్లో ఆయన నా గురించి అడిగిన మొదటి మాట అదే అనుకుంటా.

మిర్చి డబ్బు ఆ ఏడాది ఫర్వాలేదు. క్వింటా 20 వేలు దాటింది కదా. వాన తాకినది పోగా మిగిలిన దాంట్లోంచి 9 వేలు పెట్టి పైకప్పుకి రెండు చిన్న స్పీకర్లు తెప్పించాను. అప్పుడది 5.1.2 అయింది. ఆఖరి 2 అంటే పైనున్నవి. డాల్బీ అట్మాస్ అనేది ఇదే. 2012లో బ్రేవ్ అనే సినిమాతో మొదలైంది. పాత పద్ధతిలో ఈ శబ్దం ఈ స్పీకర్‌కి అని పంచిపెట్టేవాళ్ళు. ఇందులో శబ్దంతో పాటు అది ఎక్కడున్నట్టు వినపడాలో కూడా రాసి పంపుతారు. మన ఇంట్లో ఎన్ని స్పీకర్లున్నాయో చూసుకుని రిసీవరే లెక్కగట్టి పంచుతుంది. ముందువి రెండూ, మన కుర్చీ కలిపితే ముక్కోణం రావాలి. పక్కవి చెవికి సమానంగా కాకుండా అడుగు పైన, కొంచెం వెనక్కి. పైవి నెత్తికి కాస్త ముందు.

ఆఖరున మైకు పెట్టి కొలవాలి. ఏ స్పీకర్ ఎంత దూరంలో ఉందో రిసీవర్ పట్టుకుని, దగ్గరున్నదాన్ని కాస్త ఆపి, అన్నీ ఒకేసారి చెవికి చేరేలా సర్దుతుంది. అడుగుకి సుమారు ఒక మిల్లీసెకను. పగలు కొలిస్తే ఒకసారి కోడి కూసింది, ఒకసారి ట్రాక్టర్ పోయింది, రెండుసార్లూ తప్పు చూపించింది. రాత్రి 11కి అందర్నీ నోరు మూసుకోమని చేశాను. సబ్‌వూఫర్ 11 అడుగుల్లో ఉంటే 17 అని చూపింది. మిషన్‌కి బుద్ధి లేదని నేను టేపు పట్టి 11 చేశాను. మేనల్లుడు మళ్ళీ నన్ను ఆపాడు. డబ్బా లోపలి సర్క్యూట్‌లో అయ్యే ఆలస్యాన్ని కూడా అది దూరంగానే లెక్కేస్తుంది, కదిలించొద్దు అన్నాడు.

ఇప్పుడు అసలు విషయం.

మా ఇంటామెకి ఒకటే ఫిర్యాదు. ఫైటింగులు చెవులు పగలగొడుతున్నాయి, మాటలేమో వినపడట్లేదు అని. మేనల్లుడు చెప్పిన మందు చాలా చిన్నది. సినిమాలో మాటలు దాదాపు అన్నీ మధ్యనున్న సెంటర్ స్పీకర్‌లోనే వస్తాయి. మొత్తం వాల్యూమ్ పెంచకు, సెంటర్ ఒక్కదాన్నే 4 డెసిబెల్స్ పెంచు అన్నాడు. ఆ స్పీకర్‌ని టీవీ స్టాండు అరలో లోపలికి తోసి పెట్టాను. దాన్ని అంచుకి లాగి, కొంచెం పైకి, మా మొహాల వైపు వాల్చాను.

అప్పటికి నాయన మాతో సినిమా చూడడం మానేసి ఐదారేళ్ళయింది. ఒకప్పుడు ఆయనకి సినిమా పిచ్చి. డేరా టాకీసుల కాలం మనిషి. తెర పక్కన వెదురు గుంజకి ఒక్క హారన్ కట్టేవాళ్ళట, హీరో ఎటు నిలబడినా మాట మాత్రం గుంజ నుంచే. 1986లో సింహాసనం వస్తే పట్నం పోయి చూశాడు. 70 ఎంఎం, ఆరు ట్రాకుల శబ్దం. గుర్రాలు ఈ చెవిలోంచి ఆ చెవిలోకి పోయాయిరా అని నా చిన్నప్పుడు చేతులు తిప్పుతూ చెప్పేవాడు. అలాంటి మనిషి టీవీ ముందు నుంచి లేచి వరండాలోకి పోయేవాడు. అడిగితే "ఇప్పటి సినిమాలు ఏం బాగున్నాయి" అనేవాడు. చెవులు చూపించుకుందాం రమ్మంటే "నా చెవులకేం రోగం, మీరే సరిగా మాట్లాడి చావరు" అనేవాడు.

సెంటర్ సర్దిన ఆదివారం పాత హాస్యం సినిమా ఒకటి పెట్టాం. అమ్మ బలవంతం మీద నాయన వచ్చి సరిగ్గా మధ్య కుర్చీలో కూచున్నాడు. పావుగంటకి ఆయన నవ్వాడు. మామూలుగా అయితే మేం నవ్వాక మా మొహాలు చూసి నవ్వేవాడు. ఈసారి మాకన్నా ముందు నవ్వాడు. నేను సినిమా వదిలేసి ఆయన్నే చూస్తూ కూచున్నాను. అయిపోయాక లేస్తూ అన్నాడు. "ఇన్నాళ్ళూ వీళ్ళంతా గొణుగుతున్నారనుకున్నానురా. బాగానే మాట్లాడుతున్నారే."

నేను ఆయన ముందుకొచ్చి కుర్చీ లాక్కుని కూచున్నాను. ఎందుకడగాలనిపించిందో తెలీదు. "నాయనా, సంక్రాంతప్పుడు పత్తి ఎనిమిది వేల రెండొందలకి అడిగితే ఎందుకు వద్దన్నావు?" అన్నాను. ఆయన నా వంక చాలాసేపు చూశాడు. "పత్తా? ఎప్పుడడిగావు? పొద్దున ఎనిమిదింటికి ఆస్పత్రికి పోదామా అంటున్నావనుకుని వద్దన్నా" అన్నాడు.

నాకు ఇంక నోట మాట రాలేదు. బండి ఇంజను మోగుతుంటే, మొహం తిప్పి, ఇరవై అడుగుల అవతల నుంచి అరిచాను. ఆయనకి చేరింది "ఎనిమిది" ఒక్కటే. 44 వేలు పోయింది ఆయన వల్ల కాదు. ఆ నాలుగు నెలలు ఆయన్ని దూరం పెట్టింది మాత్రం నేను.

మర్నాడే ఖమ్మం తీసుకుపోయాను, ఈసారి వద్దనలేదు. డాక్టర్ గీసిన గ్రాఫులో గీత లోతు శబ్దాల దగ్గర బాగానే ఉండి, 4,000 హెర్ట్జ్ దగ్గర గుంటలో పడిపోయింది. పెద్ద మోతల్లో బతికినవాళ్ళకి అక్కడే పోతుందట. అ, ఆ, ఓ లాంటివి బాగానే వినపడతాయి. స, శ, త, ట, క లాంటి సన్న శబ్దాలు జారిపోతాయి. అంటే ఎవరో మాట్లాడుతున్నారని తెలుస్తుంది, ఏమంటున్నారో తెలీదు. అరిస్తే అచ్చులే పెద్దవవుతాయి, పోయిన హల్లులు రావు. ఆయిలింజను పక్కన నిద్రపోయి, సైలెన్సర్ ఊడిన ట్రాక్టర్ మీద నలభై ఏళ్ళు తిరిగిన చెవులవి. 85 డెసిబెల్స్‌లో రోజుకి 8 గంటలు దాటి ఉండకూడదని, ఆ పైన ప్రతి 3 డెసిబెల్స్‌కి ఆ టైము సగానికి తగ్గించుకోవాలని అమెరికాలో కార్మికుల ఆరోగ్యం చూసే నియోష్ సంస్థ చెప్తుంది. క్యాబిన్ లేని ట్రాక్టర్ లోడు మీద 90 సులువుగా దాటుతుంది. మన దగ్గర ఎవరు చెప్పారు, ఎవరు విన్నారు?

1931లో ఇంగ్లండులో అలన్ బ్లమ్‌లైన్ అనే ఇంజనీరు కాబోయే భార్యతో సినిమాకి పోయాడట. మనిషి తెర మీద ఒక పక్క, గొంతు ఇంకో పక్క. ఇది సరి చేస్తాను చూడు అని ఆమెతో అన్నాడట. ఆ డిసెంబరులోనే స్టీరియోకి పేటెంట్ దరఖాస్తు పెట్టాడు. గొంతు మనిషి ఉన్న చోటి నుంచే రావాలి అని మొదలైన పని ఇది. ఏడు స్పీకర్లు బిగించాక కానీ నాకది ఇంట్లో మనుషులకీ వర్తిస్తుందని తెలియలేదు.

ఒక రాత్రి సంగతి చెప్పి ముగిస్తా. 2024 ఫిబ్రవరి. కల్లంలో మిర్చి ఆరబోసి ఉంది. మేం అట్మాస్‌లో ఏదో సినిమా చూస్తున్నాం. నెత్తి మీద ఉరుము ఉరిమింది, కుర్చీ అదిరింది. నాయన దిగ్గున లేచాడు. "ఒరేయ్, మిర్చి! పట్టాలు!" అంటూ టార్చి అందుకుని బయటికి పరుగెత్తాడు. ఆ వెనకే నేను. బయట ఆకాశం నిండా చుక్కలు. నాయన నిలబడి పైకి చూస్తున్నాడు. నేను ఎదురుగా వెళ్ళి, మొహాన టార్చి పడేలా నిలబడి, "సినిమాలో నాయనా" అన్నాను. ఆయనకి అర్థమైంది. సిగ్గుపడతాడనుకున్నాను. ఆయన మళ్ళీ ఆకాశం వంక చూసి, "పోయినేడాది కూడా ఇట్టాగే చుక్కలున్నాయిరా, తెల్లారేసరికి ముంచింది. వచ్చాం కదా, కప్పి పోదాం" అన్నాడు. లోపల సినిమా నడుస్తూనే ఉంది. ఇద్దరం చెరో అంచు పట్టుకుని పట్టాలు కప్పాం.

ఆ రాత్రి వాన రాలేదు.

కొత్తగా పెట్టుకునేవాళ్ళకి నా సలహా ఇంతే. ముందు చప్పట్లు కొట్టి గది సంగతి చూసుకోండి. డబ్బు తక్కువుంటే పైకప్పువి తర్వాత, మంచి సెంటర్ స్పీకర్ ముందు. ట్రాక్టర్, స్ప్రేయర్, గడ్డి కటింగ్ మిషన్ నడిపేవాళ్ళు చెవులకి ఇయర్ మఫ్స్ పెట్టుకోండి, పురుగుమందుల డబ్బా ఖరీదు కూడా ఉండవు. నేను పెట్టుకుంటే ఊళ్ళో పైలట్ అని పిలుస్తున్నారు, పిలవనివ్వండి. నాయన మిషన్ పెట్టుకుంటున్నాడు, అలవాటు కావడానికి మూడు నెలలు పట్టింది. మీ ఇంట్లో పెద్దవాళ్ళు ఊరికే "ఆఁ ఆఁ" అంటుంటే ఒకసారి ఎదురుగా కూచుని మెల్లగా అడిగి చూడండి.

పొలానికి నీళ్ళు పెట్టాలి, ఉంటాను.